టెహ్రాన్ మంచిదే కానీ...

ఈమధ్య పాత ఇరాన్ సినిమాల పిచ్చి పట్టింది. సరే, మొదటి నుంచే చూద్దామని మొట్టమొదటి పర్షియన్ టాకీ ‘దొఖ్తరె లోర్’, అంటే లోర్ తెగ పిల్ల, పెట్టుకుని కూర్చున్నాను. 1933 నాటిది. ప్రింటు నిండా గీతలు, సౌండంతా గరగర. కథ కూడా గొప్పదేం కాదు. చిన్నప్పుడే దొంగలు ఎత్తుకుపోయిన గోల్నార్, దారిపక్క టీ దుకాణంలో మగాళ్ల మధ్య డాన్సులు చేస్తూ బతుకుతుంటుంది, జాఫర్ అనే ప్రభుత్వ ఉద్యోగి వచ్చి ఆమెను ప్రేమిస్తాడు, ఇద్దరూ దొంగల బారి నుంచి తప్పించుకుని బొంబాయి చేరతారు.

సినిమా తీసింది కూడా బొంబాయిలోనే, అర్దేషిర్ ఇరానీ ఇంపీరియల్ కంపెనీలో. మన తొలి తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’కు నిర్మాత కూడా ఈయనే! కథ రాసి, హీరోగా వేసింది అబ్దుల్ హుస్సేన్ సెపంతా. హీరోయిన్ దగ్గరే చిక్కొచ్చింది. ముస్లిం ఇరానీ ఆడవాళ్లు కెమెరా ముందుకు రావడమన్న మాటే లేని రోజులవి. చివరికి స్టూడియోలో పనిచేసే ఒక డ్రైవర్ భార్య ఒప్పుకుంది. పేరు రూహంగీజ్ సామీనెజాద్, ఊరు కెర్మాన్ వైపు బమ్, పుట్టింది 1916లో. అంటే సినిమా వచ్చేనాటికి పదిహేడేళ్లు అటూ ఇటూ.

ఆమె పర్షియన్‌లో కెర్మాన్ యాస కొట్టొచ్చినట్టు వినిపిస్తుందట. నాకు యాస తెలిసేంత భాష రాదు గానీ, ఒక డైలాగ్ మాత్రం వెనక్కి తిప్పి తిప్పి విన్నాను. జాఫర్ టెహ్రాన్ వెళ్దాం రమ్మంటే, టెహ్రాన్ అందమైన ఊరంటారు కానీ జనమే చెడ్డవాళ్లు అంటుంది గోల్నార్. పెద్ద నటనేం లేదు, పక్కింటి పిల్ల ఏదో విన్న కబురు చెప్పినట్టు అనేస్తుంది. ఇరాన్‌లో ఇప్పటికీ జనం నోట్లో నానే డైలాగ్ అది.

సినిమా టెహ్రాన్‌లో విరగబడి ఆడింది. మరి ఆ పిల్లకి ఒరిగిందేమిటి? తిట్లు. తెర మీద మొహం చూపించిందని బయట అవమానాలు, ఇంట్లో వెలి. మరుసటి ఏడాది ‘షీరీన్ ఫర్హాద్’లో ఒక చిన్న వేషం, అంతే, ఇక కెమెరా ముందుకు రాలేదు. పేరు మార్చుకుని ఎవరికీ తెలియకుండా బతికింది. సెపంతా మాత్రం మన దేశంలోనే ఉండి 1937 దాకా ఇంకో నాలుగు సినిమాలు తీశాడు (ఇరాన్ వెళ్లాక ఆయనకీ ఎవరూ సినిమా ఇవ్వలేదనుకోండి, అది వేరే కథ).

నాకు మండేది ఎక్కడంటే, ఆ సినిమా కథే మగాళ్ల కళ్ల ముందు ఆడాల్సి వచ్చిన ఒక పిల్లను గట్టెక్కించడం గురించి. హాల్లో కూర్చుని గోల్నార్ బయటపడాలని చప్పట్లు కొట్టినవాళ్లే, బయటికొచ్చి రూహంగీజ్‌ని తిట్టి ఉంటారు.

1970లో ఒక డాక్యుమెంటరీ కోసం ఆమెను వెతికి పట్టుకుని మాట్లాడించారు. ఆ తర్వాత 27 ఏళ్లకి, 1997లో టెహ్రాన్‌లోనే పోయింది. చెడ్డవాళ్లున్నారన్న ఆ ఊళ్లోనే.