కొల్చాక్ బంగారం, మా చిన్నాయన కాగు

ఏప్రిల్ దాటిందంటే మా చిన్నాయన నుంచి ఫోన్ వస్తుంది. "నీళ్లు యాడికి దిగినాయిరా?" అని. శ్రీశైలం డ్యాం నీటిమట్టం పేపర్లో చూసి చెప్పే పని నాది. ఆయనకి ఎనభై దాటాయి, పేపర్లో అక్షరాలు ఆనవు. నేను అంకె చెప్తాను. "ఇంకా దిగల్ల" అని పెట్టేస్తాడు. సంగమేశ్వరం గుడి శిఖరం నీళ్లలోంచి బయటపడిందని తెలిసిన రోజు నుంచి ఇక మనిషి ఇంట్లో నిలవడు.

విషయం ఏమిటంటే, ఆ నీళ్ల కింద మా ఊరు ఉంది. ఊళ్లో మా ఇల్లు, ఇంటి వెనక కొట్టం, కొట్టంలో ఎద్దుల గాడి, గాడి కింద ఒక రాగి కాగు. కాగు నిండా బంగారం. ఇది చిన్నాయన మాట.

మా జేజినాయన ఇల్లటం అల్లుడు. అలంపురం తాలూకాలో జేజి పుట్టింట్లోనే కాపురం. అది నైజాం ఇలాకా. తుంగభద్ర దాటితే కర్నూలు, అది మద్రాసు రాష్ట్రం. రజాకార్ల గొడవలు ముదిరాక 1948లో ఒక రాత్రి ఇంటిల్లిపాదీ పుట్టిలో ఏరు దాటి ఇటు వచ్చేశారు. వచ్చేముందు మా చిన్నాయన వాళ్ల అవ్వ బంగారమంతా కాగులో పెట్టి పాతేసిందట. పోలీసు చర్య అయ్యాక వెనక్కి వెళ్లి తవ్వితే ఏమీ లేదు. చోటు తప్పు చూసుకున్నారు అంటాడు చిన్నాయన. అప్పటికి ఆయన వయసు నాలుగేళ్లు. అయినా ప్రత్యక్ష సాక్షిని అంటాడు.

నేను బ్యాంకులో పనిచేసి రిటైరయ్యాను. అందులో సగం సర్వీసు గోల్డ్ లోన్ల దగ్గరే గడిచింది. అప్రైజరు గీటురాయి మీద గీసి చూడటం, రాళ్ల బరువు తీసేసి నికరం రాసుకోవడం, సంచికి సీలు వేయడం, రెండు తాళంచెవులు ఇద్దరి దగ్గర ఉండటం. జాయింట్ కస్టడీ అంటాం. ఒకడి చెవితో లాకరు తెరుచుకోదు. ఇన్నేళ్లు ఈ పని చేశాక నిధి అనే మాట వింటే నాకు ముందు వచ్చే ప్రశ్న ఒక్కటే: తూకం ఎంత, చెవులు ఎవరి దగ్గర ఉండినాయి?

రష్యా పిచ్చి మాత్రం చిన్నప్పటిది. సోవియట్ భూమి పత్రిక కాగితాలతో నోటు పుస్తకాలకు అట్టలు వేసుకున్న తరం మాది. లెక్కల పుస్తకం మీద సైబీరియా మంచు, తెలుగు వాచకం మీద ట్రాక్టర్ నడిపే ఆవిడ. ఆ నున్నటి కాగితంలో రష్యా అంతర్యుద్ధం అంటే ఎర్రవాళ్లు, అంటే బోల్షెవిక్కులు, గెలవడం, అంతే. ఆ యుద్ధంలో ఒక రైలు నిండా బంగారం తిరిగిందని రిటైరయ్యాక చదివితే గాని తెలియలేదు. తెలిశాక నిద్ర పట్టలేదు. సస్పెన్స్ వల్ల కాదు, లెక్క వల్ల.

మొదటి ప్రపంచ యుద్ధంలో జర్మన్లు దగ్గరికి వస్తున్నారని జారు ప్రభుత్వం బంగారంలో పెద్ద భాగాన్ని వోల్గా ఒడ్డున ఉన్న కజాన్‌కు తరలించింది. విప్లవం వచ్చింది, అంతర్యుద్ధం వచ్చింది. 1918 ఆగస్టులో బోల్షెవిక్కులకు ఎదురు తిరిగిన రష్యన్ల సైన్యం (వీళ్లను తెల్లవాళ్లు అనేవారు), దానితో కలిసిన, రష్యాలో చిక్కుకుపోయిన చెక్ సైనికులు కజాన్‌ను పట్టుకున్నారు. దొరికింది సుమారు 65 కోట్ల బంగారు రూబుళ్లు. ఒక బంగారు రూబులుకు 0.774 గ్రాముల మేలిమి. అంటే ఐదు వందల టన్నులు. సమారా, ఉఫా, చివరికి ఓమ్స్క్ చేరింది. ఆ నవంబరు 18న ఓమ్స్క్‌లో తెల్లవాళ్ల మంత్రివర్గం అడ్మిరల్ కొల్చాక్‌ను సర్వోన్నత పాలకుడిగా ప్రకటించింది. ధ్రువ ప్రాంతాల్లో యాత్రలు చేసిన నావికుడు, సముద్రం కనపడని ఊళ్లో కూర్చుని రాజ్యం ఏలడం ఒక వింత.

మరుసటి ఏడు నవంబరులో ఓమ్స్క్ పడిపోయింది. బంగారం వ్యాగన్లు సైబీరియా రైలు మార్గంలో తూర్పుకు బయల్దేరాయి. చలి, టైఫస్, బొగ్గు లేని ఇంజన్లు. లైను చెక్ సైన్యం చేతిలో ఉంది, వాళ్లకు ఇల్లు చేరితే చాలు. 1920 జనవరిలో కొల్చాక్‌ను ఇర్కుట్స్క్‌లో ప్రత్యర్థులకు అప్పగించేశారు. ఫిబ్రవరి 7న ఆయన్ను కాల్చేశారు. అదే రోజు చెక్‌లకూ ఎర్రవాళ్లకూ కుయితున్ అనే స్టేషన్లో ఒప్పందం కుదిరింది: బంగారం మీకు, దారి మాకు.

ఆ దారిలో నన్ను పట్టుకున్నది ఒక చిన్న సంగతి. జిమా, తిరెత్ స్టేషన్ల మధ్య ఒక వ్యాగన్లోంచి పదమూడు పెట్టెలు మాయమయ్యాయి. పెట్టెకు 60 వేల రూబుళ్లు. నేను కాలిక్యులేటర్ తీసుకుని వేశాను: పెట్టె 46 కిలోల పైమాట, మొత్తం ఆరు వందల కిలోలు. మా లెక్కలో అరవై వేల తులాలు. కావలి మనుషులు ఉండగా, రైల్లోంచి, ఆ చలిలో! మా బ్రాంచిలో ఒకసారి ఒక్క సంచి సీలు చిట్లినట్టు కనిపిస్తే మూడు రోజులు అన్నం సయించలేదు నాకు. టెన్షన్ అంటే అది. పాపం, ఆ రైల్లో రిజిస్టరు రాసే గుమాస్తా ఎవరో.

ఇంతకీ కొల్చాక్ బంగారం ఏమైంది అంటే వందేళ్లుగా కథలే. బైకాల్ సరస్సులో మునిగిందంటారు, సొరంగంలో ఉందంటారు. 1,600 మీటర్ల పైచిలుకు లోతున్న ఆ సరస్సులోకి మీర్ అనే చిన్న పరిశోధక జలాంతర్గాములు దిగినప్పుడు రైలు పెట్టెల తుక్కు కనిపించింది. ఇక కథకు అడ్డేముంది? కానీ లెక్క చూడండి. ఎర్రవాళ్ల చేతికి తిరిగి వచ్చింది సుమారు 41 కోట్లు. తగ్గింది 24 కోట్లు. అందులో 19 కోట్ల పైన కొల్చాక్ ప్రభుత్వమే వ్లాదివోస్తోక్ రేవు మీదుగా విదేశాలకు అమ్మింది, తాకట్టు పెట్టింది. తుపాకులకు, మందుగుండుకు, బట్టలకు. ఆయన అచ్చు వేసిన నోట్లు బయటి దేశాల వాళ్లు తీసుకోరు కదా. ఇంకో 4 కోట్ల పైన చితా అనే ఊళ్లో కోసక్కుల దళపతి అతామాన్ సెమ్యోనోవ్ లాక్కున్నాడు. ఇక మిగిలేదెంత? బ్యాంకు మనిషిగా చెప్తున్నా, ఇది పోయిన నిధి కాదు, ఖర్చయిన నిధి. కానీ ఖర్చయిందంటే వినేవాడు ఎవడు?

రష్యా వాళ్లే ఇది అందరికంటే బాగా రాశారు. ఇల్ఫ్, పెత్రోవ్ అని ఇద్దరు కలిసి 1928లో 'పన్నెండు కుర్చీలు' అని నవల రాశారు. చనిపోతూ అత్తగారు అల్లుడికి చెప్తుంది, వజ్రాలు ఒక కుర్చీలో కుట్టి దాచానని. అల్లుడూ, ఓస్తాప్ బెండర్ అనే జగత్కిలాడీ దేశమంతా కుర్చీలు చీల్చుకుంటూ పోతారు. చివరి కుర్చీ రైల్వే కార్మికుల క్లబ్బులో ఉంటుంది. కానీ వజ్రాలు ముందే దొరికిపోయాయి, ఆ డబ్బుతోనే క్లబ్బు కట్టారని కాపలావాడు సంబరంగా చెప్తాడు. ఆ పేజీ దగ్గర నేను నవ్వలేదు. మా కర్నూలు వాళ్లకు అది నవ్వొచ్చే పేజీ కాదు. తొలకరి పడితే జొన్నగిరి చేలల్లో వజ్రాల కోసం వంగి నడిచే జనాన్ని చూసినవాళ్లం. 2017 డిసెంబరులో చెన్నంపల్లి కోటలో ప్రభుత్వ అనుమతితోనే తవ్వుతుంటే రోజూ పేపరు మొదట అదే వార్త చదివినవాళ్లం. అక్కడా నిధి దొరకలేదు.

దొరికినవి లేవని కాదు. 2012లో పీటర్స్‌బర్గ్‌లో నారీష్కిన్‌లు అనే ప్రభువంశం వాళ్ల పాత భవనం బాగుచేస్తుంటే రెండు అంతస్తుల మధ్య మూసేసిన గది ఒకటి బయటపడింది. రెండు వేలకు పైగా వెండి సామాన్లు. నల్లబడకుండా వెనిగర్‌లో తడిపిన గుడ్డల్లో చుట్టి, పైన 1917 నాటి వార్తాపత్రికలు చుట్టారు. ఎంత ఓపికగా చుట్టి ఉంటారో! నాలుగు నెలల్లో వచ్చేస్తాం అనుకున్నవాళ్లే అంత జాగ్రత్తగా చుడతారు.

మా జేజి కూడా అట్లాంటి మనిషే, దేన్నీ పారేసేది కాదు. ఆమె పోయాక ట్రంకు పెట్టె అడుగున, చీరల కింద, నాకొక కాగితం దొరికింది. ఊదా రంగు సిరా, నాలుగు మడతలు, మడతల దగ్గర చిరుగులు. కర్నూల్లో ఒక శెట్టి రాసిచ్చిన తాకట్టు చీటీ, 1948 నాటిది. పేరు జేజి వాళ్ల నాయనది. కాసుల పేరు ఒకటి, వంకీలు జత, కడియాలు జత, కమ్మలు. ఎదురుగా తూకాలు. మొత్తం 31 తులాలు. వడ్డీ నూటికి రూపాయిన్నర. ఏరు దాటితే నైజాం డబ్బు హాలీ సిక్కాకు వట్టం పోయే రోజులు, చేతిలో ఉన్న నోట్లతో ఎన్నాళ్లు గడుస్తుంది? కాగితం వెనక నాలుగుసార్లు వడ్డీ కట్టినట్టు గుర్తులు. 1952లో, కరువు ఏడు, అడ్డంగా ఒక ముక్క: "బాకీ కింద సరుకు జమ. చెల్లు."

అంటే బంగారం పుట్టిలోనే ఏరు దాటింది. జొన్నలైంది, ఇంటి అద్దె అయింది, మా నాయన స్కూలు ఫీజు అయింది. కొట్టం కింద ఖాళీ గుంత తప్ప ఏమీ లేదు. దీని మీద డెబ్బై ఏళ్లుగా పాలేరు కుటుంబాన్ని అనుమానించారు మావాళ్లు. ఆ ఇంటికి పెళ్లి పిలుపు కూడా లేదు. అది తలుచుకుంటే మాత్రం నాకు సిగ్గేస్తుంది.

చీటీ తీసుకెళ్లి చిన్నాయనకు చూపించాను. అద్దాలు పెట్టుకుని, కిటికీ దగ్గరికి జరిగి, నేను చదివి వినిపిస్తుంటే మొత్తం విన్నాడు. తూకాలు రెండోసారి చదవమన్నాడు. కాగితాన్ని జాగ్రత్తగా మడిచి నాకిచ్చేశాడు.

"ఇది మా తాత తాకట్టు పెట్టిందిరా" అన్నాడు. "అవ్వ పాతింది వేరే."

ఈ మే నెలలో మనవడి బైకు మీద పోయొచ్చాడు. వాట్సాప్‌లో ఫోటో వచ్చింది. పగుళ్లు బారిన ఒండ్రు, మోకాలెత్తు గోడ మొండెం, ఒక పక్క నాచు పట్టిన గాడి రాయి, దాని పక్కన చేతికర్రతో చిన్నాయన. కింద మనవడు టైప్ చేశాడు: తాత ఇంకా నాలుగడుగులు తవ్వల్ల అంటున్నాడు పెద్దనాయనా, ఆదివారం నిన్ను రమ్మన్నాడు, వచ్చేటప్పుడు బంగారు తూచే మిషను తెమ్మన్నాడు.