మావాడి భుజం, మూడు రాష్ట్రాల కాగితాలు: ఇండోర్ క్వార్టర్‌బ్యాక్ క్లెయిమ్‌తో నా అనుభవం

ఇండోర్ అమెరికన్ ఫుట్‌బాల్‌లో క్వార్టర్‌బ్యాక్‌గా (బంతి విసిరే ఆటగాడిగా) ఆడే మా అబ్బాయి భుజం గాయం ఖర్చు వర్కర్స్ కాంప్ (పనిలో గాయపడిన ఉద్యోగుల కోసం యజమాని తీసుకునే బీమా) కింద భరిస్తామని బీమా కంపెనీ నుంచి నిన్ననే ఉత్తరం వచ్చింది. ఆపరేషన్, స్కానింగ్, ఫిజియోథెరపీ అన్నీ వాళ్లవే. కోపం ఇంకా చల్లారలేదు, వివరాలన్నీ గుర్తున్నాయి, అందుకే ఇప్పుడే రాసేస్తున్నాను. టెక్సాస్‌లో పెరిగే మన పిల్లలు కొందరు హైస్కూల్ ఫుట్‌బాల్ ఆడుతున్నారు. వాళ్లలో ఎవరైనా ఇండోర్ దాకా వెళ్తే ఆ తల్లిదండ్రులకు ఈ కాగితాల సంగతి చెప్పే దిక్కు ఉండదు.

ఆట తెలియనివాళ్ల కోసం రెండు ముక్కలు. హాకీ హాల్లో మంచు మీద పలకలు పరిచి, ఆ పైన టర్ఫ్ వేసి ఆడతారు. బయట మైదానం పొడవు 100 గజాలు, ఇక్కడ 50. వెడల్పు బయట 160 అడుగులు, ఇక్కడ 85 దాకా. జట్టుకు 8 మందే. పక్కన గీత ఉండదు, మెత్త తొడిగిన గోడ ఉంటుంది. అరీనా ఫుట్‌బాల్ లీగ్ 1987లో నాలుగు జట్లతో మొదలై, 2009 సీజన్ మొత్తం ఆపేసి, మళ్లీ లేచి, 2019లో దివాలా తీసింది. ఇండోర్ ఫుట్‌బాల్ లీగ్ 2009 నుంచి ఆడుతోంది. జట్లు పుడుతుంటాయి, మూతపడుతుంటాయి. అందుకే ఇండోర్ క్వార్టర్‌బ్యాక్ అన్నవాడు పెట్టె సర్దుకునే ఉండాలి. కర్ట్ వార్నర్ 1995 నుంచి 1997 దాకా అయోవా బార్న్‌స్టార్మర్స్‌కి ఆడి, 1999 సీజన్‌లో పెద్ద లీగ్ ఎన్‌ఎఫ్‌ఎల్‌లో రామ్స్ జట్టుకి సూపర్ బౌల్ కప్పు తెచ్చిపెట్టాడని అందరూ చెబుతారు. నిజమే. భుజం పోయిన క్వార్టర్‌బ్యాక్ ఏమయ్యాడో మాత్రం ఎవరూ చెప్పరు.

జట్టు దొరకడం కష్టం కాదు. జట్లకి పంపే ఆట వీడియో మూడు నిమిషాలు దాటకూడదు. క్వార్టర్‌బ్యాక్ పాదాలూ, బంతి అందుకునే రిసీవరూ ఒకే ఫ్రేములో కనబడాలి. ట్రైఔట్‌కి (ఎంపిక పరీక్షకి) ఫీజు, గుర్తింపు కార్డు, బూట్లు చాలు. మావాడంత వేగంగా బంతి వదిలే కుర్రాడిని నేను ఆ లీగ్‌లో ఇంకొకణ్ణి చూడలేదు, కోచ్‌లూ అదే అన్నారు.

అసలు తంటా ఆ వేగంతోనే. ఇండోర్‌లో బంతి కదలకముందే రిసీవర్ ఆట మొదలయ్యే గీత వైపు పరుగెత్తుకుంటూ రావచ్చు కాబట్టి మూడు అడుగులు వెనక్కి వేసేలోపే బంతి చేతిలోంచి వెళ్లిపోవాలి. కాళ్లు కుదురుకోవు, నడుం తిరగదు, భారమంతా భుజం మీదే పడుతుంది. పంట్ కొట్టనివ్వరు (అంటే బంతిని దూరంగా తన్ని అవతలి జట్టుకి వదిలెయ్యనివ్వరు) కాబట్టి ఆఖరి ప్రయత్నమైన నాలుగో డౌన్‌లో కూడా చాలాసార్లు విసరాల్సిందే. కీలు గుంత అంచున లేబ్రమ్ అని ఒక మృదులాస్థి వలయం ఉంటుంది, దాని పైభాగానికి జబ్బ కండ (బైసెప్స్) స్నాయువు అతుక్కుని ఉంటుంది. చెయ్యి వెనక్కి లాగి విసిరిన ప్రతిసారీ ఆ అతుకు కొంచెం కొంచెం ఒలుచుకుపోతుంది. అలా అరిగిన భుజంతో చెయ్యి వెనక్కి పెట్టి ఉండగా ఎదుటి జట్టు లైన్‌మన్ వచ్చి గోడకేసి అదిమితే అది పూర్తిగా చిరుగుతుంది. మావాడికి సరిగ్గా అదే అయింది, అదీ పొరుగు రాష్ట్రంలో జరిగిన మ్యాచ్‌లో.

జట్టు డాక్టరు ఎక్స్‌రే తీసి ఎముకలు బాగున్నాయన్నాడు. బాగానే ఉంటాయి, ఎక్స్‌రేలో లేబ్రమ్ కనపడదు కదా! మామూలు ఎంఆర్‌ఐలో కూడా ఒక్కోసారి తప్పిపోతుంది. కీలులోకి మందు ఎక్కించి తీసే ఆర్త్రోగ్రామ్ అడగాలి. జట్టు అది తీయించలేదు. ఆ ఎక్స్‌రేని సాకుగా పెట్టుకుని వాణ్ణి తీసేశారు.

తీసేసేటప్పుడు ఎగ్జిట్ ఫిజికల్ (వెళ్లేముందు వైద్య పరీక్ష) అని ఒక కాగితం ఇస్తారు. దాని ఫోటో ఇప్పటికీ నా ఫోన్‌లో ఉంది. మెడ, వెన్ను, భుజం, మోకాలు అని వరసగా గడులు. వాడు పెన్ను పట్టుకోకముందే అన్నిటికీ ‘సాధారణం’ అని టిక్కులు పెట్టేసి ఉన్నాయి. కింద, ‘జట్టులో ఉండగా నాకు ఏ గాయమూ కాలేదు’ అన్న వాక్యం, సంతకానికి గీత. జట్టు ఇచ్చిన గది ఆ సాయంత్రానికే ఖాళీ చెయ్యాలట. వాడు ఫోన్ చేసి, “నాన్నా, సంతకం పెడితేనే ఆఖరి చెక్కు ఇస్తామంటున్నారు” అన్నాడు. కుడి చెయ్యి భుజం దాకా కూడా లేపలేని కుర్రాడి చేత ఏ గాయమూ లేదని రాయించుకోవాలని చూశారంటే వాళ్లకి మనస్సాక్షి ఉందా? ఆడిన మ్యాచ్ డబ్బు జీతం, ఇలాంటి సంతకం కోసం దాన్ని ఆపే హక్కు వాళ్లకి లేదు. నేను చెప్పినట్టు వాడు భుజం దగ్గరున్న టిక్కుని గీత పెట్టి కొట్టేసి, “కుడి భుజం నొప్పి, చెయ్యి పైకి లేవడం లేదు, ఎంఆర్‌ఐ అడిగాను” అని తన చేతిరాతతో రాసి, తేదీ వేసి, ఫోటో తీసి, ఆ తరవాతే సంతకం పెట్టాడు. క్లెయిమ్ నిలబడింది ఆ ఒక్క వాక్యం మీదే. అదే రోజు కోచ్‌కి, ట్రైనర్‌కి, యజమానికి ఒకే ఈమెయిల్‌లో గాయం తేదీ, మ్యాచ్, ఏ క్వార్టర్ అన్నది రాసి పంపించాను. యజమానికి తెలియజేయడానికి ప్రతి రాష్ట్రానికీ ఒక గడువుంటుంది, టెక్సాస్‌లో 30 రోజులు. నోటిమాటగా చెప్పి ఊరుకోవద్దు.

ఇక బీమా. 26 ఏళ్లు నిండేదాకా పిల్లలు మన ఆరోగ్య బీమాలో ఉండొచ్చు కాబట్టి స్కానింగ్ బిల్లు ముందు నా ప్లాన్‌కి వెళ్లింది. ‘ఈ గాయం పనిలో అయిందా?’ అని వాళ్లు ఫారం పంపారు. అవునని రాస్తే డబ్బు ఇవ్వరు. “ఇంట్లో మెట్లు జారాడని రాసెయ్యండి” అని మనవాళ్లే ఇద్దరు ముగ్గురు సలహా ఇచ్చారు. దయచేసి ఆ పని చెయ్యకండి. అది మోసం. పైగా ఆ అబద్ధం కాగితం మీద ఉన్నాక వర్కర్స్ కాంప్ వాళ్లకి ఇంకే సాకూ అక్కర్లేదు. నేను అవునని రాశాను. వాళ్లు తిరస్కరిస్తూ పంపిన ఉత్తరాన్నే క్లెయిమ్‌కి జతచేశాను.

ఆ తరవాత ఏ రాష్ట్రం అన్న ప్రశ్న దగ్గర నెలల తరబడి నలిగిపోయాం. కాంట్రాక్టు మీద సంతకం టెక్సాస్‌లో మా ఇంట్లో, జట్టు ఆఫీసు ఒక రాష్ట్రంలో, దెబ్బ తగిలింది ఇంకో రాష్ట్రంలో. మూడు చోట్లా ఒకటే జవాబు: మాది కాదు, వాళ్లనడగండి. టెక్సాస్‌లో ప్రైవేటు యజమానులు వర్కర్స్ కాంప్ తీసుకోకుండా ఉండొచ్చు. ఫ్లోరిడా చట్టం ప్రొఫెషనల్ ఆటగాళ్లను అసలు ఉద్యోగుల లెక్కలోకే తీసుకోదు. కాలిఫోర్నియాలో ఒకప్పుడు బయటి జట్ల ఆటగాళ్లు కూడా క్లెయిమ్ వేసేవాళ్లు, 2013లో వచ్చిన చట్టం ఆ దారి చాలావరకు మూసేసింది. మేం జట్టు ఆఫీసున్న రాష్ట్రంలోనే వేశాం, ఎందుకంటే పాలసీ అక్కడ ఉంది.

అక్కడ ఇంకో మెలిక. జెర్సీ మీద ఉండే జట్టు పేరు చెబితే ఆ పేరుతో పాలసీయే లేదంటారు. జీతం చీటీ మీద ఉండే ఎల్‌ఎల్‌సీ (జట్టును నడిపే కంపెనీ) పేరు వేరు. డబ్ల్యూ-2 (ఉద్యోగికి యజమాని ఏటా ఇచ్చే జీతం, పన్ను కాగితం) మీద ఆ పేరూ, యజమాని గుర్తింపు నంబరూ రెండూ ఉంటాయి, అవే రాయాలి. ఏ తేదీన ఎవరికి ఏ కంపెనీ పాలసీ ఉందో చాలా రాష్ట్రాల వెబ్‌సైట్లలో వెతకొచ్చు. అది కనిపించిన వెంటనే స్క్రీన్‌షాట్ తీసుకోండి. రేపు జట్టు మూతపడినా క్లెయిమ్ కట్టాల్సింది ఆ బీమా కంపెనీయే. డబ్ల్యూ-2 కాకుండా 1099 ఇచ్చే జట్లూ ఉన్నాయి. అంటే ఆటగాడు ఉద్యోగి కాదు, కాంట్రాక్టరు అని వాళ్ల వాదన. అలాంటి కాంట్రాక్టు వస్తే ముందు లాయరుకి చూపించండి, ఆ తరవాతే పెన్ను తీయండి.

ఆడలేని రోజులకి వర్కర్స్ కాంప్ ఇచ్చే వారం భత్యం సాధారణంగా సగటు జీతంలో మూడింట రెండు వంతులు. మావాడికి మ్యాచ్‌కి 200 డాలర్లు, అంటే వారానికి 133. ఇంత పనికి ఇదా అనిపించింది. అయితే చాలా రాష్ట్రాల్లో యజమాని ఇచ్చిన గది, భోజనం విలువ కూడా జీతంలో కలుపుతారు. జట్టు ఉంచిన అపార్ట్‌మెంట్లలో అదే సైజు ఇంటి అద్దె ప్రకటన ప్రింటు తీసి పంపాను, దానితో లెక్క మారింది. ఆటతో పాటు ఇంకో ఉద్యోగం చేస్తుంటే ఆ జీతం కూడా కలిపే రాష్ట్రాలున్నాయి, కాబట్టి ఆ పే స్టబ్‌లు పారేయొద్దు.

వచ్చే వారం ఆపరేషన్. నాలుగు నెలలు దాటితేగానీ బంతి పట్టనివ్వరట. ఈలోగా ఇంకో జట్టు వాళ్లు వీడియో అడిగారు. వీడియోతో పాటు ఆపరేషన్ రిపోర్టు కూడా పంపుతాం అన్నాను. గది అద్దె విలువ, డబ్ల్యూ-2 ఇస్తామన్న మాట, బీమా కంపెనీ పేరు, ఈ మూడూ కాంట్రాక్టులో రాయమని అడిగాను. మొదటి రెండిటికీ ఒప్పుకున్నారు. మూడోదానికి వాళ్ల లాయరు జవాబు ఇంకా రాలేదు, అది వచ్చేదాకా మావాడు సంతకం పెట్టడు.