‘సత్యం వద’ తర్వాత గురువు చెప్పిన మాట

మా వనస్థలిపురం కాలనీ గుడిలో ఆదివారం పొద్దున ఏడింటికి కూర్చుని తైత్తిరీయోపనిషత్తు చెప్పుకుంటాం. పది పన్నెండు మందిమి ఉంటాం, ఎక్కువమంది రిటైరైనవాళ్లే. ఈమధ్య దాని మొదటి భాగమైన శీక్షావల్లిలో పదకొండో అనువాకానికి, అంటే పదకొండో చిన్న విభాగానికి వచ్చాం. ‘సత్యం వద, ధర్మం చర’ అన్నది అక్కడిదే. చదువు ముగించుకుని ఇంటికి బయల్దేరుతున్న శిష్యుడికి గురువు చెప్పే మాటలు. అందుకే ఇప్పటికీ స్నాతకోత్సవాల్లో దీన్ని చదువుతుంటారు. అందరితో పాటు నేనూ గొంతెత్తి చెప్పాను. ఆ ముందు రోజు సాయంత్రమే మా అబ్బాయి బీటెక్ ఫైనలియర్ ప్రాజెక్టు కోసం అమీర్‌పేటలో ఒక షాపువాళ్లకు ఫోన్లో 8 వేలు పంపించాను.

ఇది దాచిపెట్టి ఈ అనువాకం గురించి రాసే అర్హత నాకు లేదు, అందుకే ముందే చెప్పేస్తున్నాను.

అమీర్‌పేటలో మైత్రీవనం చుట్టుపక్కల తిరిగినవాళ్లకు ఈ సంగతి తెలుసు. కోడ్, రిపోర్టు, పీపీటీ, వైవాలో అడగబోయే ప్రశ్నలకు జవాబులు, అన్నీ కలిపి చేతిలో పెడతారు. మావాడు “క్లాసులో అందరూ అక్కడే తీసుకుంటున్నారు నాన్నా, నేనొక్కణ్ణే కూర్చుని చేస్తే ప్లేస్‌మెంట్లకు ఎప్పుడు చదువుకోను” అన్నాడు. నాకూ సబబే అనిపించింది, వాడి టెన్షన్ తగ్గితే చాలనుకున్నాను. 2022 అక్టోబరులో జరిగిన తెలంగాణ గ్రూప్-1 ఉద్యోగాల ప్రిలిమ్స్‌ను ప్రశ్నపత్రం లీకైందని 2023 మార్చిలో రద్దు చేసినప్పుడు, అశోక్‌నగర్ గదుల్లో ఏళ్ల తరబడి చదువుతున్న పిల్లల ముఖాలు చూసి నేను ఎంత మండిపడ్డానో మా ఇంట్లోవాళ్లకు గుర్తుంది. ఆ మనిషినే ఇప్పుడు 8 వేలు పంపించాను, పంపేటప్పుడు ఆ పిల్లలు ఒక్కసారి కూడా గుర్తు రాలేదు.

ఆ ఆదివారం మాకు పాఠం చెప్పే గురువుగారు ఒక చిన్న సంగతి అడిగారు. ‘సత్యం వద’ అని ఒకసారి చెప్పేశాక, రెండు మూడు వాక్యాలకే ‘సత్యాన్న ప్రమదితవ్యమ్’ అని మళ్లీ ఎందుకు చెప్పాలి? మనం ప్రమాదం అంటే యాక్సిడెంట్ అనుకుంటాం కానీ ఇక్కడ దానికి ఏమరుపాటు అని అర్థం. శంకరులు ఈ చోట భాష్యంలో, ప్రమాదం అనే మాట వాడారు కాబట్టి మరిచిపోయి కూడా అబద్ధం చెప్పకూడదని అర్థం అని రాశారు. అంటే కావాలని ఆడే అబద్ధం ఒక్కటే కాదు, ధ్యాస లేక జారిపోయేది కూడా లెక్కలోకి వస్తుంది. చదువుల్లో జరిగేది చాలావరకు ఈ రెండోదే అని నాకనిపిస్తుంది. మోసం చేద్దామని ఎవరూ పుస్తకం తెరవరు. రేపు రికార్డు పెట్టాలి, ఇవాళ రాత్రి పదకొండైంది, పక్కవాడి రికార్డు ఎదురుగా ఉంది, అంతే.

ఇంకొకటి, నేను ఎన్నోసార్లు పారాయణ చేసినా గమనించనిది. తొమ్మిదో అనువాకంలో సత్యం, తపస్సు, దమం (ఇంద్రియ నిగ్రహం), శమం (మనోనిగ్రహం) అన్నీ చెప్తూ ప్రతిదానికీ ‘స్వాధ్యాయప్రవచనే చ’ అని కలుపుతారు. ఏం చేసినా, దానితో పాటు చదవడం, చదివింది చెప్పడం ఉండాలని. చివర్లో వీటిలో ఏది ముఖ్యం అన్నదానికి మూడు అభిప్రాయాలు వస్తాయి. సత్యమే అన్నది సత్యవచా రాథీతరుడు, తపస్సే అన్నది తపోనిత్య పౌరుశిష్టి, స్వాధ్యాయ ప్రవచనాలే అన్నది నాక మౌద్గల్యుడు. ఎవరి మాట వాళ్ల పేరుతోనే ఉంది! ఆ ముగ్గురి అభిప్రాయాలనూ తనవిగా చెప్పుకుంటే ఉపనిషత్తును అడిగేవాళ్లెవరు? అయినా పేర్లు చెప్పింది. ఎన్ని వందల ఏళ్లు నోటి నుంచి నోటికి వచ్చినా ఆ పేర్లు జారిపోకుండా మన దాకా తెచ్చారంటే, ఎవరి మాటను వాళ్లకు ఇవ్వడం వాళ్లకు ఎంత పెద్ద విషయమో చూడండి.

మా మేనకోడలు పీహెచ్‌డీ చేస్తోంది. యూజీసీ 2018లో తెచ్చిన నిబంధనల ప్రకారం థీసిస్‌లో ఇతరుల రాతలతో పోలిక 10 శాతం వరకు ఉంటే శిక్ష లేదు, 40 దాటితే ఏడాది పాటు సమర్పించనివ్వరు, 60 దాటితే రిజిస్ట్రేషనే రద్దు. ఆ నిబంధనలు అవసరమే, కాదనను. కానీ పిల్లలు ఆ శాతం తగ్గించడానికి పదాలు అటూ ఇటూ మారుస్తూ కూర్చుంటారని అది చెప్తే బాధేసింది. మాటలు మార్చినా ఆలోచన రాథీతరుడిదే కదా.

ఇక నన్ను నిద్రపోనివ్వని వాక్యం. మాతృదేవో భవ, పితృదేవో భవ, ఆచార్యదేవో భవ అని చెప్పిన నోటితోనే గురువు అంటాడు: ‘యాన్యస్మాకం సుచరితాని, తాని త్వయోపాస్యాని, నో ఇతరాణి’. మా పనుల్లో మంచివేవో అవే నువ్వు పాటించు, మిగతావి వద్దు. ఇన్నేళ్లు తన దగ్గరే ఉండి తనను దగ్గర నుంచి చూసిన పిల్లవాడితో, తనలో ‘ఇతరాణి’ కూడా ఉన్నాయని ఒక గురువు ఒప్పుకోవడం! సత్యం వద అని శిష్యుడికి చెప్పి, ఆ సత్యాన్ని ముందు తనే పలికాడు. నేను మా అబ్బాయికి చిన్నప్పటి నుంచి మొదటి సగమే చెప్పాను.

ఆ రాత్రి వాడి పక్కన కూర్చుని, డిగ్రీలో నేను ఫిజిక్స్ ప్రాక్టికల్స్ రీడింగులు స్నేహితుడి దగ్గర చూసి వేసిన సంగతి చెప్పాను. బయటి కాలేజీ నుంచి వచ్చిన ఎగ్జామినర్ ఒక్క ప్రశ్న అడిగితే చెమటలు పట్టాయి, అయినా మార్కులు వేసి పంపించారు. ఇన్నేళ్లలో ఎవరికీ చెప్పలేదు. “డబ్బులు పంపింది కూడా నా తప్పేరా” అన్నాను. వాడు చాలాసేపు ఏం మాట్లాడలేదు. తర్వాత “మరి ఇప్పుడేం చేద్దాం?” అన్నాడు.

దీనికీ ఆ అనువాకంలోనే దారి ఉంది. ఏది చేయాలో, ఎలా నడుచుకోవాలో సందేహం వస్తే, అక్కడ బాగా ఆలోచించగలవాళ్లు, ధర్మం మీద ఇష్టం ఉన్నవాళ్లు, ‘అలూక్షాః’ అయినవాళ్లు ఎలా నడుస్తారో చూసి అలా నడువు అంటుంది. అందరూ ఏం చేస్తున్నారో చూడమనలేదు. అలూక్షాః అంటే కటువుగా ఉండనివాళ్లు, శంకరులు క్రూరమైన బుద్ధి లేనివాళ్లు అన్నారు. ఈ షరతు ఎందుకు పెట్టారో తండ్రిగా నాకిప్పుడు అర్థమవుతోంది. అరిచేవాడి దగ్గరికి ఏ పిల్లవాడూ తప్పు చేశానని వెళ్లడు, ఇంకో అబద్ధం వెతుక్కుంటాడు.

మావాడికి అలాంటి సార్ ఒకరు కాలేజీలో ఉన్నారు. వెళ్లి ఉన్నదున్నట్టు చెప్పాడు. ఆయన కోప్పడలేదట, చిన్న టాపిక్ ఇచ్చి ఆరు వారాల్లో చేయగలిగినంత చేయమన్నారట. ఇప్పుడు రాత్రిళ్లు కూర్చుని చేస్తున్నాడు, సగం రోజులు కోడ్ నడవదు, చిరాకు పడతాడు, వాళ్లమ్మ టీ పెట్టి ఇస్తుంది. మొన్న నన్ను పిలిచి, “నాన్నా, ఈ భాగం నెట్‌లో వేరేవాళ్లు రాసి పెట్టింది, కొంచెం మార్చుకున్నాను, వాళ్ల పేరు రిపోర్టులో ఎక్కడ రాయాలి?” అని అడిగాడు. సార్‌నే అడగమన్నాను, నాకు నిజంగానే తెలియదు.

షాపులో కట్టిన 8 వేలు తిరిగి రాలేదు. వచ్చే ఆదివారం గుడిలో తర్వాతి భాగం ఆనందవల్లి మొదలుపెడుతున్నాం, వాణ్ణీ రమ్మన్నాను. వైవా అయ్యాక వస్తానన్నాడు.