1977లో పోయినవాళ్ళు

1977 అనగానే అందరూ ముందు ఎన్నికల మాటే ఎత్తుతారు. రాయ్‌బరేలీలో ఇందిరాగాంధీ ఓడిపోవటం, మార్చి 21న ఎమర్జెన్సీ ఎత్తేయటం, 24న మొరార్జీ దేశాయ్ ప్రధాని కావటం చిన్న సంగతులు కావు మరి. ఉత్తరాదిన కాంగ్రెస్ తుడిచిపెట్టుకుపోతే అప్పటి మన ఉమ్మడి రాష్ట్రంలో 42 లోక్‌సభ సీట్లకు 41 ఆ పార్టీకే ఇచ్చాం. మిగిలిన ఒక్కటీ నంద్యాల. అక్కడ గెలిచిన నీలం సంజీవరెడ్డి గారే జులైలో పోటీ లేకుండా రాష్ట్రపతి అయ్యారు. ఫక్రుద్దీన్ అలీ అహ్మద్ ఫిబ్రవరి 11న పదవిలో ఉండగానే పోవటంతో ఖాళీ అయిన కుర్చీ అది.

ఆ ఏడాది పోయిన పెద్దల్లో నేను ఎక్కువగా తలుచుకునేది ఏ.కె. గోపాలన్‌ని. విచారణ లేకుండా మనిషిని జైల్లో పెట్టటమేమిటని 1950లోనే సుప్రీంకోర్టుకెక్కిన కేరళ కమ్యూనిస్టు. కోర్టు ఆ చట్టాన్ని చాలావరకు సమర్థించింది. పాతికేళ్ళకు ఎమర్జెన్సీలో వేలమందిని అలాగే లోపలేశారు. ఎమర్జెన్సీ పోయిన మర్నాడే, మార్చి 22న, ఆయన కన్నుమూశారు. ఆ రెండు తేదీలు పక్కపక్కన చూస్తే ఇప్పటికీ నాకు మనసు కలుక్కుమంటుంది.

ఇలాంటి వాళ్ళందరికీ తేదీ ఉంది, పేరుంది. ఆ ఏడాది తుఫానులో పోయిన మా దివిసీమ వాళ్ళకి తేదీ ఒక్కటే మిగిలింది: నవంబరు 19, శనివారం.

మాది అవనిగడ్డ దగ్గర పల్లెటూరు. తుఫాను మాకు కొత్త కాదు, తలుపులు బిగించుకుని కూర్చున్నారు జనం. సముద్రం లేచి ఊళ్ళ మీదకొస్తుందని ఎవరనుకుంటారు? సొర్లగొంది, పాలకాయతిప్ప, హంసలదీవి వైపు ఇళ్ళకిళ్ళే పోయాయి. సొర్లగొంది దగ్గరున్న మా అమ్మ చిన్నాన్నగారింట్లో మావయ్య ఒక్కడే దక్కాడు. తెల్లవార్లూ తాటిచెట్టు మొవ్వు పట్టుకుని వేలాడాడట. తాటిమట్టల అంచులకు రంపంలా ముళ్ళుంటాయి. మోచేతుల లోపలివైపు, రొమ్ము మీద ఆ గీతలు ఆయనకి చివరిదాకా ఉన్నాయి. చొక్కా విప్పితే మేం చూపు తిప్పుకునేవాళ్ళం.

కోతకొచ్చిన వరిచేలల్లో పశువులూ మనుషులూ కలిసి పడి ఉన్నారు. ఎవరు ఎవరో గుర్తుపట్టే వీల్లేక చాలామందిని ఒకేచోట దహనం చేశారు. మా ప్రాంత నాయకులు మండలి వెంకట కృష్ణారావు గారు సహాయ పనులకి ముందు నిలబడ్డారు. ఎన్టీఆర్, ఏఎన్నార్ వీధుల్లోకొచ్చి విరాళాలడిగారు. పోయింది పది వేల మంది అన్నారు. ఇంకా ఎక్కువేనని మా వాళ్ళంటారు, నేనూ అదే నమ్ముతాను, ఎందుకంటే కూలికొచ్చి పాకల్లో ఉన్నవాళ్ళని లెక్కపెట్టి చెప్పడానికి ఎవరూ మిగల్లేదు.

నాగాయలంక, కోడూరు వైపు వాళ్ళెవరైనా ఇది చదువుతుంటే ఒక్క పని చేయండి. ఇంట్లో పెద్దవాళ్ళుండగానే అడిగి, మీ వాళ్ళలో పోయినవాళ్ళ పేర్లు, ఊరు, వయసు రాసి నాకు పంపండి. చంటిపిల్లలకి ఇంకా పేరు పెట్టకపోతే ఫలానా వాళ్ళ బిడ్డ అని రాయండి. మా అమ్మ వైపు వాళ్ళవి రాయటం మొదలుపెట్టాను.