డీఎస్సీ రాసేవాళ్లకు: సిలబస్ కన్నా ముందు అర్హతల పేజీ చదవండి

ప్రభుత్వ టీచర్ పోస్టుల పరీక్ష తెలంగాణ డీఎస్సీ 2024లో స్కూల్ అసిస్టెంట్ (ఎస్‌ఏ, అంటే హైస్కూలు టీచర్) బయాలజీకి ఎంపికయ్యాను. అక్టోబర్ 9న ఎల్‌బీ స్టేడియంలో నియామక పత్రం అందుకున్నప్పటి నుంచి ఫోన్ ఆగడం లేదు. అందరిదీ ఒకటే ప్రశ్న: "ఏ బుక్స్ చదివావక్కా, రోజుకు ఎన్ని గంటలు?" అవీ చెప్తాను. కానీ నా ప్రిపరేషన్ మలుపు తిరిగింది పుస్తకాల దగ్గర కాదు, అర్హత దగ్గర.

నాది బీజెడ్‌సీ (బోటనీ, జువాలజీ, కెమిస్ట్రీ) డిగ్రీ, ఆపైన బీఈడీ. 2018 జూన్‌లో టీచర్ల అర్హతలు నిర్ణయించే ఎన్‌సీటీఈ ఇచ్చిన నోటిఫికేషన్‌తో బీఈడీ వాళ్లం కూడా ఒకటి నుంచి ఐదు తరగతులకు అర్హులమయ్యాం. ఉద్యోగంలో చేరాక రెండేళ్లలోపు ఆరు నెలల బ్రిడ్జి కోర్సు చేస్తే చాలన్నారు. పోస్టులేమో ఎస్జీటీలోనే, అంటే ఆ ప్రైమరీ తరగతుల టీచర్లలోనే ఎక్కువ. అందుకే పొద్దున బయాలజీ కంటెంట్, సాయంత్రం ఎస్జీటీ గణితం, తెలుగు చదివేదాన్ని.

2023 ఆగస్టు 11న దిల్‌సుఖ్‌నగర్ రీడింగ్ రూంలో ఉండగా ఫోన్లు మోగడం మొదలైంది. దేవేశ్ శర్మ కేసులో సుప్రీంకోర్టు తీర్పు: ప్రైమరీ తరగతులకు బీఈడీ అర్హత కాదు. నా పక్కనమ్మాయి మూడో తరగతి గణితం పుస్తకంలో పెన్సిల్‌తో గీతలు గీసుకుంటోంది. వార్త చదివి, ఆ పుస్తకం మూసి, పెన్సిల్‌తో సహా సంచిలో వేసుకుని వెళ్లిపోయింది. మళ్లీ ఆ రూంలో కనిపించలేదు.

రివ్యూ పిటిషన్ వేస్తారు, ప్రభుత్వం ఏదో ఒకటి చేస్తుంది అని చాలామంది ఎదురుచూశారు. నేను ఆ వారంలోనే ఎస్జీటీ మెటీరియల్ మొత్తం డీఈడీ (ప్రైమరీ టీచర్ల శిక్షణ డిప్లొమా) చేసిన మా పిన్ని కూతురికి ఇచ్చేశాను. తొందరపడ్డావన్నారు, భయపడ్డావన్నారు. నెల తిరక్కుండా సెప్టెంబర్ 6న 5,089 పోస్టుల నోటిఫికేషన్ వచ్చింది. అందులో 2,575 ఎస్జీటీ, ఒక్కటి కూడా మాకు కాదు. ఆ నోటిఫికేషన్ రద్దయి, 2024 ఫిబ్రవరి 29న 11,062 పోస్టులతో కొత్తది వచ్చినప్పుడూ అదే నియమం. ఎదురుచూసినవాళ్లు అలా ఆగకుండా ఉంటే ఈలోపు ఎస్‌ఏ సిలబస్ ఒక చుట్టు తిరిగేసేవాళ్లు. నేను తిరిగాను.

మొదట నాకూ కడుపు మండింది. తీర్పు పూర్తిగా చదివాక మాత్రం అందులో న్యాయం ఉందనిపించింది. ఆరేళ్ల పిల్లకు అక్షరం నేర్పడానికి డీఈడీ వాళ్లు తీసుకునే శిక్షణ వేరు, మనం బీఈడీలో నేర్చుకున్నది వేరు. పెద్ద చదువు ఉంటే చిన్న పోస్టుకు అర్హత దానంతటదే వస్తుందనుకోవడం మనలో చాలామందికి ఉన్న అపోహ. రూల్స్‌లో అలా రాసి ఉంటే తప్ప పై చదువును కింది అర్హతగా లెక్కించరని సుప్రీంకోర్టు 2018లోనే చెప్పింది. 2020లో అయితే, డిగ్రీ ఉన్న సంగతి దాచి బ్యాంకు ప్యూన్ పోస్టుకు అప్లై చేసిన అభ్యర్థికి ఉద్యోగం ఇవ్వక్కర్లేదని తీర్పు ఇచ్చింది. అక్కడ డిగ్రీ ఉండకూడదన్నదే నియమం మరి.

సర్టిఫికెట్ వెరిఫికేషన్‌లో ఇదంతా కళ్లారా చూశాను. నా బీఈడీ మెమోలో మెథడాలజీ (ఏ సబ్జెక్టు బోధనా పద్ధతి చదివామన్నది) లైను కింద వేలు పెట్టి చదివారు. తర్వాత డిగ్రీ మెమోలో బోటనీ, జువాలజీ, ఆపైన శాతం చూశారు. జనరల్‌కు 50, మా బీసీలకు 45 ఉండాలి. నా ముందున్న తమ్ముణ్ని డిగ్రీ సబ్జెక్టుల దగ్గరే ఆపి, మార్కులన్నీ ఒకేచోట ఉండే కన్సాలిడేటెడ్ మెమో తెమ్మన్నారు. ఆ టెన్షన్ పరీక్ష హాల్లో కూడా ఉండదు. దయచేసి మీ మెమోలు ఇప్పుడే బయటికి తీసి, నోటిఫికేషన్ పక్కన పెట్టుకుని ఒక్కో లైను సరిచూసుకోండి. ప్రొవిజనల్ సర్టిఫికెట్ మీద తేదీ కూడా చూడండి. నోటిఫికేషన్‌లో చెప్పిన తేదీ నాటికి అర్హత చేతిలో ఉండాలి, రిజల్ట్ వస్తుందిలే అంటే కుదరదు. ఒకటి నుంచి ఏడో తరగతి వరకు స్టడీ సర్టిఫికెట్లు కూడా ముందే తెచ్చి పెట్టుకోండి. మీరు ఏ జిల్లాకు లోకల్ అన్నది తేలేది వాటితోనే.

ఇక పుస్తకాలంటారా, ఆరు నుంచి పది వరకు మన స్కూలు పుస్తకాలు, ఇంటర్ తెలుగు అకాడమీ. ఎస్‌ఏలో 80 మార్కుల్లో 44 కంటెంట్‌వే కాబట్టి ఎక్కువ టైం దానికే ఇచ్చాను. రోజూ కూర్చోవాలి, మూడ్ లేదు అనే మాట మన దగ్గర ఉండకూడదు. పండగరోజు కూడా నేను మెథడాలజీ వదల్లేదు.

బయాలజీ వాళ్లకు ఇంకొక మాట. టెట్ (టీచర్ అర్హత పరీక్ష) పేపర్-2లో మనకు 30 మార్కులు గణితమే, అందుకే చాలామంది దాన్ని వదిలేస్తారు. 150కి వచ్చిన టెట్ మార్కు డీఎస్సీలో 20కి మారుతుంది కాబట్టి అక్కడ 15 మార్కులు పెరిగితే ఇక్కడ 2 మార్కులు. డీఎస్సీలో ప్రశ్నకు అర మార్కు, అంటే నాలుగు ప్రశ్నలతో సమానం. నేను 2024 టెట్ మళ్లీ రాసింది ఆ గణితం కోసమే. ఎనిమిదో తరగతి వరకు లెక్కలు చేతితో చేసి చూడండి, సగానికి పైగా వాటిలోంచే వచ్చాయి నాకు.