కంద, కత్తిపీట, కరెంటు దాలి

మా ఆవిడ బెంగళూరు వెళ్ళి ఇవాళ్టికి పదకొండో రోజు. పండక్కి వచ్చిన అమ్మాయీ అల్లుడూ కనుమ వెళ్ళిన మూడోనాడు బయల్దేరుతూ, అక్కడ మనవణ్ణి చూసుకునే మనిషి మానేసిందని తననీ కారెక్కించుకుపోయారు. వెళ్తూ వెళ్తూ అమ్మాయి నా చేతిలో ఒక అట్టపెట్టె పెట్టింది. స్లో కుక్కర్. "నాన్నా, పొద్దున్నే ముక్కలు పడేసి స్విచ్ వేసి నీ పని మీద నువ్వెళ్ళిపో, కూర దానంతటదే అవుతుంది, నువ్వు చూడక్కర్లేదు" అంది. చూడక్కర్లేదన్న మాట నాకు బాగా నచ్చింది. నచ్చిందే గానీ పది రోజులు పెట్టె విప్పలేదు. అన్నం వండుకోవడం వచ్చు, కూరకి సెంటర్లో కర్రీ పాయింట్ ఉంది, ఇంకెందుకు. నిన్న రాత్రి అమ్మ కంచం పక్కకి జరిపేసి "వాడు సోడా ఉప్పు వేస్తున్నాడ్రా, నాకొద్దు" అనేసింది. ఎనభై నాలుగేళ్ళ మనిషి వద్దంటే ఇంక వద్దన్నట్టే.

పైగా ఇవాళ తోటలో కొబ్బరికాయల దింపు. దింపు నాడు మనం చెట్ల కింద లేకపోతే కాయల లెక్క మన లెక్కలా ఉండదు (అందరూ అలా చేస్తారని కాదు, ఎవరికి వాళ్ళు అనుభవం మీద తెలుసుకోవాల్సిన విషయం). అంటే పొద్దున్నించీ పొయ్యి దగ్గర ఎవరూ ఉండని రోజన్నమాట. రాత్రే పెట్టె విప్పి చూశాను. మూడున్నర లీటర్లు పట్టే నల్లటి పింగాణీ గిన్నె, గాజు మూత, ఒకే ఒక్క మీట, దాని చుట్టూ ఆఫ్, లో, హై, వార్మ్. అడుగున స్టిక్కర్ మీద 200 వాట్లు. ఎనిమిది గంటలు ఆపకుండా వేసినా 1.6 యూనిట్లే, ఆ మాత్రం పరవాలేదు. అడుగున మంట తగిలినట్టు ఉండదట, గిన్నె చుట్టూ గోడల్లో తీగ ఉంటుందట, అందుకే అడుగంటదట. కాగితంలో ఇంకా చాలా రాశాడు. గిన్నె సగానికి పైన, ముప్పాతిక లోపు నింపాలి. దుంపలు అడుగున వెయ్యాలి, అవే అన్నిటికన్నా ఆలస్యంగా ఉడుకుతాయి. నీళ్ళు తక్కువ పొయ్యాలి, ఆవిరి బయటికి పోదు కాబట్టి. ఎండు రాజ్మా నానబెట్టి నేరుగా వెయ్యకూడదు, ముందు పొయ్యి మీద పది నిమిషాలు బాగా మరిగించాలి, లేకపోతే ఈ సన్నవేడికి దానిలో విషం విరగదు. మూత తీయకూడదు. మూత తీయకూడదన్నది మూడు చోట్ల రాశాడు. మా ఇల్లు వాడికెలా తెలిసిందో.

ఏం వండాలన్న ఆలోచన అక్కర్లేకపోయింది. పండక్కి కొన్న తియ్యగుమ్మడికాయలో చెక్క ఒకటి మిగిలే ఉంది. దప్పళం. గుమ్మడి, ఆనపకాయ, ములక్కాడ, చిలగడదుంప, రెండు వంకాయలు, నాలుగు ఉల్లిపాయలు, పచ్చిమిర్చి, వీటికి తోడు మొన్న రావులపాలెం నుంచి తెచ్చిన లంక కంద. కంద లేకపోయినా దప్పళం అవుతుంది, ఉంది కదా అని వేశాను, ఇవాళ జరిగిందంతా ఆ వేశాను దగ్గరే మొదలైంది.

తెల్లవారుజామున అయిదున్నరకి చేతులకి కొబ్బరినూనె రాసుకుని కంద కోశాను. దాన్లో కాల్షియం ఆక్సలేట్ అని సూదుల్లాంటి స్ఫటికాలుంటాయి, దురద వాటి వల్లే, పులుపు తగిలితే తగ్గుతుందని నాకు తెలిసిన సైన్సు. కాబట్టి తెలివిగా చింతపండు రసం ముందే పోసేశాను. ఉప్పు, పసుపు, కారం, చిన్న బెల్లం ముక్క, అన్నీ ఒకేసారి. ఏడుంబావుకి లోలో పెట్టి, అమ్మకి ఇడ్లీ పెట్టి తోటకెళ్ళిపోయాను. అక్కడ ఇద్దరెక్కేవాళ్ళు, ఇద్దరేరేవాళ్ళు, మధ్యలో టీలు. పక్కన చేలో దాళ్వా (రెండో పంట వరి) నాట్లు అయిపోయి బోదెలో నీళ్ళు నిండుగా వెళ్తున్నాయి. పొద్దున్న చలి ఇంకా వదల్లేదు. నాకైతే మనసంతా ఇంట్లో ఆ పింగాణీ గిన్నె మీదే.

పదిన్నరకి ఏదో వంక పెట్టుకుని ఇంటికొచ్చాను. అమ్మ కుర్చీ వంటింటి గడప దగ్గరికొచ్చేసింది. మూత లోపలివైపు ఆవిరి చుక్కలు లేవు, అంటే ఇప్పుడే తీసి పెట్టింది. "ఎన్నిసార్లు తీశావే?" అంటే "నేనెందుకు తీస్తానురా, చప్పుడు లేదు, మాట లేదు, అసలు ఉడుకుతోందో లేదో అని ఒక్కసారి చూశా" అంది. ఒకసారి తీస్తే పోయిన వేడి మళ్ళీ కూడటానికి అరగంట దాకా పడుతుందని కాగితంలో ఉంది. సరిగ్గా అప్పుడే అమ్మాయి ఫోను, రెండోసారి. "నాన్నా, నానమ్మని మూత తీయనివ్వకు, నువ్వూ ఊరికే వెళ్ళి చూడకు, ఉడుకుతుందిలే, టెన్షన్ పడకు" అంటూ తనే పడుతోంది. అమ్మ ఫోను లాక్కుని "కందకి లేని దురద కత్తిపీటకెందుకే నీకు, నీ పిల్లాణ్ణి చూసుకో" అంది.

ఫోను పెట్టేసి, కాసేపు ఆ కుక్కర్ గోడ మీద అరచెయ్యి ఆనించి, "దాలిరా ఇది" అంది.

దాలి చూసి నాకు యాభై ఏళ్ళు దాటింది. దొడ్లో గోడవారగా మట్టితో కట్టిన గుంట, దాన్లో పిడకలు పేర్చి, పైన ఊక పోసి నిప్పంటిస్తే మంట రాదు, పొగ కూడా పెద్దగా రాదు, రోజంతా లోలోపలే రగులుతూ ఉంటుంది. పొద్దున్న పితికిన పాలు కుండలో పోసి దాని మీద పెట్టేవారు. మధ్యాహ్నానికి పాలు ఎర్రబడేవి, సాయంత్రానికి వేలు మందాన మీగడ, అది కూడా కొంచెం ఎరుపే, అడుగున కుండకి పట్టిన గోకుడు కోసం నేనూ మా అక్కా కొట్టుకునేవాళ్ళం. ఆ పాలు తోడుపెడితే వచ్చే పెరుగుకి సన్నగా పొగ వాసన ఉండేది. అది ఇష్టం లేనివాళ్ళూ ఉంటారు, మా బావగారు పెళ్ళైన కొత్తలో మొహం చిట్లించి మా ఇంట్లో రెండేళ్ళు మజ్జిగ తాగలేదు. నేను ఇదంతా తలుచుకుని "ఎంత బావుండేదే, ఎవరూ చూడక్కర్లేకుండా" అన్నాను. "ఎవరూ చూడక్కర్లేదా!" అని అమ్మ నా వంక చూసిన చూపు ఇంకా గుర్తే. పొద్దున్న నాలుగింటికి బూడిద తియ్యాలట, పిడక తడిదైతే పాలకి పొగ పడుతుందట, ఊక ఎక్కువైతే ఆరిపోతుందట, తక్కువైతే మంటొచ్చి పాలు పొంగుతాయట, వానాకాలమైతే పిడకలు అటక మీద దాచుకోవాలట, పిల్లులు, కాకులు, మేం. "నువ్వు చూళ్ళేదు కాబట్టి ఎవరూ చూళ్ళేదనుకున్నావు" అంది. నేను మళ్ళీ తోటకెళ్ళిపోయాను.

పదకొండుకి లైను పనుందని కరెంటు తీశారు, నలభై నిమిషాలు. గిన్నె మందం కాబట్టి వేడి నిలిచింది, ఇది మీటది కాబట్టి కరెంటు రాగానే తనంతట తనే అందుకుంది. రెండు గంటలు రాకపోతే పారబొయ్యాల్సిందేనట.

పన్నెండు ముప్పావుకి భోజనాల వేళ. మూత తీశాను. ఆనపకాయ కరిగిపోయింది, గుమ్మడి మెత్తగా ఉంది, చిలగడదుంప పరవాలేదు. కంద ముక్క నోట్లో వేసుకుంటే కరకరమంది. నమిలిన రెండో నిమిషానికి గొంతు గీరడం మొదలు. గరిటెడు పెరుగు తిన్నా తగ్గలేదు, బెల్లం ముక్క చప్పరించాను. అమ్మ నవ్వలేదు, అదొక్కటే నయం. "పులుపెప్పుడు పోశావు?" అని మాత్రం అడిగింది. చెప్పాను. "పులుపు తగిలిన ముక్క ఉడుకుతుందిట్రా? ముందు ఉప్పూ పసుపుతో ముక్క ఉడకాలి, ఆనక పులుపు." పొయ్యి మీదైతే కళపెళా ఉడికే నీళ్ళలో ఆ తేడా కొంత కప్పడిపోయేదేమో, ఈ సన్నవేడి దగ్గర దొరికిపోయాను. మధ్యాహ్నం ముద్దపప్పు, ఆవకాయ, పెరుగుతో కానిచ్చాం. అమ్మకి అదే ఇష్టం అనుకుంటా, మారు వడ్డించుకుంది.

కంద ముక్కలు ఒక్కొక్కటీ ఏరి గ్యాసు మీద విడిగా, మంచి నీళ్ళలో పావుగంట ఉడికించి మళ్ళీ గిన్నెలో పడేశాను. ఏరడమే పెద్ద పని, గుమ్మడీ కందా ఆ పులుసులో ఒకేలా కనిపిస్తాయి. మీట హైలో పెట్టి నడుం వాల్చాను గానీ నిద్ర పట్టలేదు, ఫోన్లో దీని పుట్టుపూర్వోత్తరాలు చదివాను. ఇర్వింగ్ నాక్సన్ అని అమెరికాలో యూదుడు, 1940లో పేటెంట్ వచ్చింది. వాళ్ళకి శుక్రవారం పొద్దుగూకితే మర్నాడు సాయంత్రం దాకా పొయ్యి వెలిగించకూడదు. వాళ్ళ అమ్మమ్మ లిథువేనియాలో ఉన్నప్పుడు శుక్రవారమే చోలెంట్ అనే గింజల పులుసు కుండ రొట్టెల బట్టీలో పెట్టించేదట, ఆరిపోతున్న బట్టీ వేడికే మర్నాటికి ఉడికేదట. ఆ సంగతి తల్లి చెప్పగా విని ఇది చేశాడు. 1971లో వేరే కంపెనీ దీన్ని మార్చి క్రాక్‌పాట్ అని అమ్మాక అక్కడ ఇంటింటికీ చేరింది. అమ్మకి చదివి వినిపిస్తే మొత్తం విని, "అయితే వాళ్ళకీ ఉందన్నమాట దాలి" అంది.

నాలుగున్నరకి చెంచాడు బియ్యప్పిండి నీళ్ళలో కలిపి పోశాను, ఎందుకంటే ఆవిరి పోక పులుసు పల్చగా, నీళ్ళనీళ్ళగా ఉండిపోయింది. పోపు ఎలాగూ గ్యాసు మీదే పెట్టాలి, ఆవాలు, మెంతులు, ఎండుమిర్చి, ఇంగువ, కరివేపాకు. పోపు పడి చుయ్యిమన్నాక గానీ ఇంట్లో వంటైన వాసన రాలేదు. అంటే పదకొండో రోజుకి.

రాత్రి వడ్డించాను. కంద వెన్నలా ఉంది, గొంతు గీరలేదు. అమ్మ సగం తిని, "బెల్లం ఎక్కువైంది. రేప్పొద్దున్న బావుంటుందిలే" అంది. దప్పళానికి అది మెచ్చుకోలే అనుకోవాలి, ఏ దప్పళమైనా మర్నాడే బావుంటుంది. చెయ్యి కడుక్కుని వచ్చి మళ్ళీ ఆ కుక్కర్ దగ్గర నిలబడింది. "దీన్లో పాలు ఎర్రబడతాయిట్రా?" అంది. మూత బిగిస్తే నీరు పోదు కదా, మీగడ కూడా కట్టదేమో అన్నాను. "ఎవడు బిగించమన్నాడు? ఓరగా పెట్టు. మధ్యలో గరిటె అడ్డం పెట్టు." కాగితంలో మూడు చోట్ల రాసిన మాట నేను తనకి చదివి చెప్పలేదు.

గిన్నె తోమి బోర్లించి, పాలబ్బాయికి ఫోన్ చేసి రేపు రెండు లీటర్లు ఎక్కువ కావాలన్నాను. "ఏవండీ, చుట్టాలొచ్చారా?" అన్నాడు. లేదు, దాలి పెడుతున్నాం అన్నాను. పాతికేళ్ళ కుర్రాడు, కాసేపు ఏం మాట్లాడలేదు. తర్వాత "ఆయ్, అలాగేనండి" అని పెట్టేశాడు.