తుఫాను షెల్టర్ తాళం కోసం పదకొండు రోజులు

నిన్న సాయంత్రం షెల్టర్ లోపల ఆఖరి షాట్ తీశాం. కోపం చల్లారకముందే రాసేస్తున్నాను.

మా డాక్యుమెంటరీ కోనసీమలో జనం కోసం కట్టిన కట్టడాల గురించి. మధ్యలో కప్పు లేని మండువా ఉండే పాతకాలపు లోగిళ్ళతో మొదలుపెట్టి తుఫాను షెల్టర్ల దాకా వస్తుంది. కెమెరా కాకినాడలో అద్దెకు దొరికింది. పంటు మీద, అంటే రేవు దాటించే బల్లకట్టు పడవ మీద, సామాను దాటించడానికి అరగంట. లోగిలిలో ఒక మామ్మగారు బిందెడు నీళ్ళు మండువాలో కుమ్మరించి, వాన నీరు తూములోంచి ఎలా పోతుందో చూపించారు. ఇప్పటిదాకా తీసినవాటిలో నాకు బాగా నచ్చిన షాట్ అది.

షెల్టర్ దగ్గర ఆగిపోయాం. సముద్రపు ఒడ్డున, స్తంభాల మీద ఎత్తుగా కట్టిన భవనం. ఉప్పెన వస్తే నీళ్ళు కింద నుంచి పోతాయి, జనం పైన ఉంటారు. 1996 నవంబర్ 6 తుఫాను చూసిన ఊళ్ళకి అలాంటిది ఎంత అవసరమో చెప్పక్కర్లేదు. తలుపుకి తాళం.

పంచాయతీలో "మాది కాదు, మండలంలో అడగండి" అన్నారు. మండలంలో "కట్టింది వేరే శాఖ" అన్నారు. ఆ శాఖలో "ఎప్పుడో అప్పగించేశాం" అన్నారు. ఎవరికి అప్పగించారంటే మళ్ళీ పంచాయతీ పేరే.

మూడోసారి మండలాఫీసుకి వెళ్తే గుమాస్తా నా అర్జీ చదవనైనా చదవలేదు. "ఏ ఛానల్ అమ్మా? బీటలు వీడియో తీసి డబ్బులడుగుతారు, మీలాంటివాళ్ళని చాలామందిని చూశాం" అని అందరూ వినేలా అన్నాడు. చేతులు వణికాయి, మాట రాలేదు. పింఛను పని మీద వచ్చిన ఒక పెద్దాయన బెంచీ మీద జరిగి చోటిచ్చారు. "తాళంచెవి మా ఊరి కొట్టతని దగ్గరే ఉందమ్మా" అన్నారు మెల్లగా.

నాకు జరిగిన అవమానం కన్నా ఆ మాటే ఎక్కువ బాధపెట్టింది. ఎవరిదో ఏ ఆఫీసుకీ తెలియని భవనంలోకి, తుఫాను రాత్రి పిల్లల్ని ఎత్తుకొచ్చే తల్లి ఎవరిని పిలవాలి?

కొట్టతను కాగితం లేకుండా తీయనన్నాడు. అతన్ని తప్పుపట్టను. మీరెవరైనా ఇలాంటి పని మీద వెళ్తే నోటిమాట నమ్మకండి. అర్జీ రెండు కాపీలు తీసుకెళ్ళండి, మీ కాపీ మీద ముద్ర, ఇన్‌వర్డ్ నంబరు (అర్జీ అందినట్టు ఆఫీసు వేసే నంబరు) వేయించుకునేదాకా కదలకండి. నేను ఆ నంబరు పట్టుకునే పై ఆఫీసుకి వెళ్ళాను. అక్కడ ఒక మేడమ్ పది నిమిషాల్లో సంతకం పెట్టారు. సిఫార్సు చేయిస్తానని వెంటపడిన ఒకతన్ని మాత్రం దగ్గరికి రానివ్వలేదు.

లోపల విరిగిన బెంచీలు, గోనె సంచులు. ఉప్పుగాలికి ఇనుము తుప్పు పట్టి ఉబ్బడంతో కప్పు పెచ్చులూడుతోంది. ఒకచోట చువ్వలు బయటికి కనిపిస్తున్నాయి. గుమాస్తా భయం దీనికే అనుకుంటా. అదంతా తీశాను, ఒక్క ఫ్రేమ్ కూడా కత్తిరించను.

తిరిగి వచ్చేటప్పుడు కొట్టతను తాళంచెవి ఉప్పు బస్తా పైనున్న మేకుకి తగిలించాడు. అతను లేనప్పుడు ఎవరిస్తారని అడిగాను. "కొట్టు కట్టేస్తాం కదండీ" అన్నాడు.